మాతంగి పెదవులు

గంగమ్మ జాతర వారంలో తిరుపతిలో మగవాళ్ళు చీర కట్టుకుని తిరగడం వింతేమీ కాదు. మీసం గొరిగించుకుని, జడ అల్లించుకుని, మోచేతి దాకా గాజులు తొడుక్కున్న మాతంగి వేషగాడు వచ్చి లాడ్జీ మెట్ల మీద కూలబడి మంచినీళ్ళు అడిగితే, ఏ వీధివాడివని కూడా అడగకుండా చెంబు అందించే ఊరది. రైల్వేస్టేషను వెనక వీధి లాడ్జీలో గదులూ దుప్పట్లూ చూసుకునే కోమలి కూడా ఇరవై తొమ్మిదేళ్ళుగా అలాంటి చెంబులు ఎన్నో అందించింది. ఈసారి మాత్రం చెంబు పట్టుకున్న చెయ్యి మధ్యలోనే ఆగిపోయింది.

ఆ కుర్రాడి కింది పెదవి నడిమి నుంచి గడ్డం కొస దాకా నల్లటి గీత ఉంది. కనుబొమల పైన మూడేసి తెల్లచుక్కలు. జాతర మాతంగికి ఆ గీత లేదు, తాతల నాడు కూడా లేదు. మద్రాసు నుంచి వచ్చిన ఒక మేకప్ మనిషి తన సొంత బుర్ర ఉపయోగించి, 1996లో, ఒకే ఒక్క సినిమా వేషానికి గీసిన గీత అది. ఆ వేషం కోమలిది.

"ఏందమ్మా, దడుసుకుంటివా?" అని నవ్వాడు కుర్రాడు.

"ఆ గీత యాడ నేర్సుకున్నావు నాయనా?"

అడిగేశాక నాలుక కరుచుకుంది. ఇన్నేళ్ళు నోరు కుట్టుకుని బతికిన మనిషి, ఒక్క ప్రశ్నతో కొరివి తీసుకుని తల గోక్కుంది. కుర్రాడు నీళ్ళ సంగతి మరిచిపోయి ఆమె మొహం వైపే చూశాడు. తల ఇటు వంచి చూశాడు, అటు వంచి చూశాడు. ఫోను తీసి ఏదో బొమ్మ పెట్టి, దాన్నీ ఆమెనూ మార్చి మార్చి చూశాడు.

"మీరు... ముళ్ళకోన మాతంగి కోమలి మేడమే గదా? మీరు బతికే ఉండారా మేడమ్?"

"ఆ పేరు గలోళ్ళు ఈడ ఎవురూ లేరు. నీళ్ళు తాగి పో."

అది నిజమే. లాడ్జీలో ఆమెను అందరూ దుప్పట్లమ్మ అనే పిలుస్తారు. కానీ ఆమె వెనక్కి తిరిగేలోగా ఫోను టిక్కుమనడం వినిపించింది. ఆ కుర్రాడి పేరు కిరణ్. చిత్తూరువాడు. పాత సినిమాలను తవ్వి తీసే ఛానెల్ ఒకటి నడుపుతాడు. సాయంత్రానికల్లా "మాతంగి దొరికింది" అని ఆమె ఫోటో లక్షమంది చేతుల్లో ఉంది.

కోమలి సినిమా జీవితం గురించి చెప్పాలంటే రోట్లో పచ్చడి నూరేంత సేపు చాలు. పాకాల పిల్ల. ఇరవై మూడేళ్ళకు మూడు సినిమాలు చేసి ఊరుకుంది. మొదటి దాంట్లో హీరోయిన్ వెనక బిందె పట్టుకుని నడిచే నలుగురిలో మూడో పిల్ల. రెండో దాంట్లో అరపాట. మూడోది ముళ్ళకోన మాతంగి. చిత్తూరు మామిడి వ్యాపారి మునిచంద్ర తన సొంత తోపులోనే తీసిన సినిమా. నాలుగు రోజులాడింది, అందులో రెండు రోజులు వాన. డబ్బాలు తీసుకెళ్ళి కాయల గోడౌనులో పడేశారు.

మూడేళ్ళ కిందట ఆ గోడౌను ఖాళీ చేస్తుంటే డబ్బాలు బయటపడ్డాయి. ఎవరో వీడియోగా మార్చి ఇంటర్నెట్లో పెట్టారు. కాలేజీ పిల్లలకు పిచ్చి పట్టింది. అందులో మూడు నిమిషాల సన్నివేశం ఒకటి ఉంది. పూనకం వచ్చిన మాతంగి కెమెరాకేసి చూస్తూ వాక్కు చెబుతుంది. "రాళ్ళు నీళ్ళల్లో మునిగె, మునగచెట్టు చంద్రుణ్ణి మింగె, మావిళ్ళు మట్టిలో పండె..." అని సాగుతుంది. తలా తోకా లేదు. లేదు కాబట్టే పిల్లలకు నచ్చింది. దాన్ని చొక్కాల మీద అచ్చేసుకున్నారు, పెళ్ళి పత్రికల్లో వేసుకున్నారు, పరీక్ష తప్పినవాడు కూడా "మావిళ్ళు మట్టిలో పండె" అని నవ్వుకుని ఇంటికి పోతున్నాడు. ఆ మాటల వెనక ఏముందో కోమలికి ఒక్కదానికే తెలుసు.

ఆ ఏడు సత్యవేడు పక్క పల్లె నుంచి కాయకోతకు కూలీలు వచ్చారు. వాళ్ళలో రాహేలు అని పంతొమ్మిదేళ్ళ పిల్ల ఉండేది. ఎత్తూ ఒడ్డూ అచ్చం కోమలే. మాతంగి బావిలో దూకే షాటుకు ఆ పిల్లనే డూపుగా పెట్టుకున్నారు. కోమలి కట్టిన చీరలాంటిదే ఇంకొకటి కట్టించి, గడ్డం మీద గీత కూడా గీశారు. ఆ పిల్ల అద్దంలో చూసుకుని ఎంత మురిసిపోయిందో. ఫైట్ మాస్టరు రెండు రోజులాగితే వల తెస్తానన్నాడు. మునిచంద్ర ఆగలేదు. "నాకు ఈత రాదయ్యా" అంది రాహేలు. "నడుముకు మోకు కడతారు గదా, ఈత యెందుకు?" అన్నాడు మునిచంద్ర. కాయల గంపలు దించే పాత మోకు. పిల్ల దూకింది. కెమెరా తిరిగింది. లాగితే మోకు ఒక్కటే పైకి వచ్చింది.

పొద్దు వాలేలోగా ఇద్దరు మనుషులు పిల్లను బావిలోంచి తీసి, తోపులోనే గొయ్యి తవ్వారు. పిల్ల మొహం తుడిచి, చీర సర్ది, కళ్ళు మూసింది కోమలే. మునిచంద్ర ఆ సమయానికి రోడ్డు దగ్గర నిలబడి, లైట్లు పట్టే అరవ పిల్లోడితో రాహేలు మద్రాసుకు లేచిపోయిందని కూలీలకు చెబుతున్నాడు. చూసిన యూనిట్‌వాళ్ళ నోళ్ళు అప్పటికే డబ్బుతో మూయించాడు. పోలీస్ స్టేషను అక్కడికి మూడు మైళ్ళే. కోమలికి కాళ్ళున్నాయి. వెళ్ళలేదు. భయపడింది. భయపడితే తప్పు ఒప్పవుతుందా? కాదు. ఆ సంగతి ఎవరో చెప్పాల్సిన పని లేదు, ఆమెకే బాగా తెలుసు.

మర్నాడు పొద్దున వాక్కు షాటు. చిన్న సినిమాలకు అప్పట్లో మాటను పట్టే కెమెరాలు ఉండేవి కావు. షూటింగులో పెదవులాడిస్తే చాలు, మాట తరవాత మద్రాసు డబ్బింగు థియేటర్లో వేరేవాళ్ళు చెబుతారు. మాటలు గుర్తురానివాళ్ళు ఒకటి, రెండు, మూడు అని అంకెలు చదివేవాళ్ళు. "నోటికొచ్చింది అనుకో, కళ్ళు మాత్రం ఆర్పొద్దు" అన్నాడు డైరెక్టరు. ఎనిమిది పంబలు ఒక్కసారిగా మోగుతున్నాయి, పక్కమనిషి అరిచినా వినపడదు. కెమెరామన్ మలయాళీ, తెలుగు ముక్క రాదు. కోమలికి లోపలి నుంచి ఏదో పొంగుకొచ్చింది. కెమెరా కళ్ళలోకి చూస్తూ జరిగిందంతా చెప్పేసింది. పిల్ల పేరు, బావి, మోకు, చంపినవాడి పేరు, పూడ్చిన చెట్టు ఏ వరసలో ఎన్నోదో, అంతా. మూడు నిమిషాలు. "అబ్బ, నిజంగా పూనకం వచ్చినట్టే చేసినావు మే!" అని మెచ్చుకున్నాడు మునిచంద్ర. డబ్బింగు రోజున మాటలు రాసేవాడు ఆ పెదవులకు ఏ మాట అతకాలో తెలియక బుర్ర గోక్కుని, చేతికొచ్చిందల్లా అతికించాడు. అదే ఇప్పుడు చొక్కాల మీద ఉన్న వాక్కు.

కోమలిని మునిచంద్ర వదిలిపెట్టలేదు. తన లాడ్జీలోనే పని ఇచ్చాడు, పైన గది ఇచ్చాడు. ఏటా ఒకసారి వచ్చి "బాగుండావా మే?" అని పలకరించి పోతాడు. నోరు మూసుకున్నంత కాలం ఆమెకు గది ఉంటుంది. నోరు తెరిస్తే గదే కాదు, మనిషి కూడా ఉండదు. ఈ ఒప్పందం వాళ్ళిద్దరూ ఒక్కసారి కూడా పైకి అనుకోలేదు.

ఫోటో బయటికి వచ్చిన మర్నాడే లాడ్జీ ఫోను మోగింది.

"ఏం మే, మళ్ళీ హీరోయిన్ అయిపోతివే!" మునిచంద్ర గొంతులో హుషారు పొంగుతోంది. డెబ్భై రెండేళ్ళవాడు, పల్ప్ ఫ్యాక్టరీ, రెండు పెట్రోలు బంకులు, ఊరంతా పెద్దాయన అనే పిలుపు. ఇన్ని ఉన్నా, సినిమా తీసి నవ్వులపాలయ్యాడన్న ములుకు ఒకటి లోపల ఉండిపోయింది. ఇప్పుడు పిల్లలు వచ్చి కాళ్ళకు మొక్కుతున్నారు. "నన్ను లెజెండ్ అంటా ఉండారు మే పిల్లోళ్ళు. ఈ ఆదివారం చిత్తూర్లో మార్నింగ్ షో. ఆ వాక్కు సీను కాడ సౌండు ఆపేస్తారంట. బొమ్మ ఆడతా ఉంటే నువ్వు స్టేజీ మీద నిలబడి మైకులో సెప్పాలంట."

"నా గొంతు కాదు గదయ్యా అది. నాకు ఆ మాటలు రావు."

"ఊళ్ళో చంటిబిడ్డకు గూడా వచ్చు, నీకు రావా? కాగితం మింద రాసిస్తారులే." తరవాత మెల్లగా అన్నాడు. "నువ్వు నోరు జారే మనిసివి కాదని నాకు తెలుసు మే. ఇన్నేండ్లు సూసినా గదా. కారు పంపిస్తా. వొస్తావు."

వస్తావా అని అడగలేదు. వస్తావన్నాడు. కోమలి ఫోను పెట్టేసి దుప్పట్లు మడత పెట్టడం మొదలుపెట్టింది. మడిచినవే మళ్ళీ విప్పి మడిచింది.

శుక్రవారం మధ్యాహ్నం ఒక ఆటో వచ్చి లాడ్జీ ముందు ఆగింది. ఖాకీ చొక్కా వేసుకున్న మనిషి దిగాడు, నలభైకి దగ్గర పడ్డవాడు. వెంట పదిహేనేళ్ళ ఆడపిల్ల. యాత్రికులేమో అనుకుని గది కావాలా అని అడిగింది కోమలి.

"గది వొద్దక్కా. నా పేరు ఏబెల్. మాది సత్యవేడు కాడ. ఈడ ఆటో తోల్తా ఉండా." జేబులోంచి నోటుపుస్తకం కాగితం ఒకటి తీశాడు. "ఇది మా పాప షారోను. పుట్టుకతోనే సెవులు వినపడవు, మాట రాదు. ఎదటోళ్ళ పెదాలు సూసి మాట సదవతాది. నీ సినిమా బిట్టు అందురూ సూస్తా ఉంటే ఇదీ సూసింది. అందురూ నవ్వతా ఉంటే దీనికి నవ్వు రాలా. కింద రాసిండే మాటలు వేరే, ఈయమ్మ సెప్పే మాటలు వేరే అని నాకు సైగ జేసింది. వారం దినాలు కూచోని, మెల్లగా తిప్పి తిప్పి, ఇది రాసింది."

పెన్సిలుతో రాసిన గుండ్రటి అక్షరాలు. మధ్య మధ్య తెలియని మాటల దగ్గర గీతలు పెట్టి వదిలేసింది. రాహేలు. నీళ్ళల్లో. ఈత రాదు. మోకు. మునిచంద్ర. మామిడితోపులో. ఆ తరవాత అన్నీ గీతలే.

కోమలి ఆ గీతల దాకా రెండోసారి చదివింది.

"రాహేలు మా అక్క," అన్నాడు ఏబెల్. "అప్పుడు నాకు తొమ్మిదేండ్లు. మద్రాసుకు లేసిపోయిందని సెప్పినారు. మా నాయన ఓబయ్య ఆర్నెల్లు మద్రాసు వీధులంతా తిరిగినాడు. సెంట్రలు స్టేషను కాడ జరమొచ్చి పడిపోయి, ఆడనే పాయ. మాయమ్మ అక్కమ్మ ఆ పేరు ఇంట్లో పలకనీదు. పలికితే అన్నం ముట్టదు. అందుకే మా పాపకు ఆ పేరే తెలీదక్కా. తెలీని పేరు ఇది యాణ్ణించి రాసింది? అది సెప్పు నాకు. ఇది నువ్వు సెప్పిందేనా?"

ఇక్కడ చెప్పేసి ఉంటే కథ ఇంకోలా ఉండేది. కోమలి చెప్పలేదు. ఆమె కళ్ళు రిసెప్షను వైపు పోయాయి. కౌంటర్లో కూచున్న మేనేజరు సునీల్‌కుమార్ పేపరు చదువుతున్నట్టు పట్టుకున్నాడు గాని, పుట మాత్రం తిప్పడం లేదు. మునిచంద్ర మనిషి వాడు.

"షూటింగులో నోటికొచ్చింది అంటామప్పా," అంది కోమలి. "అంకెలు సదవతాము, పాటలు పాడతాము. రాహేలు అనే పేరు నేను ఎప్పుడూ ఇన్లేదు."

షారోను ఆమె పెదవుల వంకే రెప్ప వేయకుండా చూస్తోంది. చూసి, తండ్రి చెయ్యి తట్టి ఏదో సైగ చేసింది. ఏబెల్ కాగితంలోకి మళ్ళీ ఒకసారి చూసుకున్నాడు.

"ఏమంటాది?" అని అడక్కుండా ఉండలేకపోయింది కోమలి.

"నువ్వు ఆ పేరును ఇప్పుడు ఎట్ల పలికినావో, ఆ బొమ్మలో గూడా అట్నే పలికినావంట." కాగితం మడిచి జేబులో పెట్టుకున్నాడు. "సర్లే అక్కా. నువ్వు సెప్పకపోతే ఆదివారం చిత్తూరుకు పోయి ఆ పెద్దాయన్నే అడుగుతా. నలుగురి ముందర అడుగుతా."

ఆటో వెళ్ళిపోయింది. సునీల్‌కుమార్ పేపరు కింద పెట్టి, "ఎవురు దుప్పట్లమ్మా ఆటోవాడు? ఏం కాగితం అది?" అని చాలా మర్యాదగా అడిగాడు. గది అడిగాడంది. సాయంత్రం ఆమె గది తలుపు గడియ ఊడిపోయి ఉంది. బాగుచేయిస్తాం, తొందరేముంది అన్నారు. ఆ రెండు రోజులూ కోమలి దుప్పట్ల గదిలోనే పడుకుంది. భయం ఆమెకు కొత్త కాదు. కానీ ఇన్నేళ్ళూ తన కోసం భయపడింది, ఈసారి ఆ ఆటోవాడి కోసం భయపడింది. నోరున్న మనిషి ఊరుకుంటే నోరులేని పిల్ల తండ్రిని పులి నోట్లోకి పంపుతోంది. ఈ లెక్క ఆమెకు ఎటు తిప్పినా మింగుడుపడలేదు.

ఆదివారం చిత్తూరులో ఆ థియేటరు ముందు జాతరే. గడ్డం మీద నల్లగీత గీసుకున్న కుర్రాళ్ళు నాలుగొందల మంది. ఆడపిల్లలు కూడా గీసుకున్నారు. కారు దిగిన కోమలిని చేతుల మీద మోసినంత పని చేశారు. కిరణ్ ముందు నడుస్తూ దారి చేశాడు. "మీ కోసం మూడేళ్ళు వెతికినాము మేడమ్. ఈడ ఒక్కొక్కరూ సినిమాను వందసార్లు సూసినోళ్ళు," అన్నాడు. వందసార్లు చూసి ఒక్కసారీ చూడనివాళ్ళు అని కోమలి మనసులో అనుకుంది. స్టేజీ మీద రెండు కుర్చీలు. ఒక దాంట్లో తెల్లచొక్కా, జరీ కండువాతో మునిచంద్ర. మూడో వరస కొసన ఏబెల్, షారోను కనిపించారు. వాళ్ళ వెనక వరసలో సునీల్‌కుమార్, ఇంకో ఇద్దరు. ఆ ఇద్దరి గడ్డాల మీద గీతలు లేవు.

మునిచంద్ర ఆమె వైపు వంగి, "ఎనకాల మనోళ్ళుండారులే, ఆ ఆటోవాడు గలాటా సెయ్యకుండా సూసుకుంటారు," అన్నాడు. నవ్వుతూనే అన్నాడు.

సినిమా మొదలైంది. ప్రతి మాటకూ ఈలలు. వాక్కు సీను దగ్గర సౌండు ఆపేశారు. హాలంతా గుడిలా నిశ్శబ్దమైపోయింది. తెర మీద ఇరవై మూడేళ్ళ కోమలి మొహం, తెరంత మొహం, పెదవులు కదులుతున్నాయి. చేతిలో కాగితం, ఎదురుగా మైకు. ఏబెల్ అప్పటికే కుర్చీలోంచి సగం లేచాడు. వెనక వరసలో ఇద్దరూ లేచారు.

కోమలి కాగితం చూడలేదు. తెరనే చూసింది. ఆ పిల్ల ఏం చెబుతోందో అదే చెప్పింది.

"రాహేలు నీళ్ళల్లో పడి సచ్చిపాయ. ఈత రాదయ్యా అంటే ఇన్లేదు. పాత మోకు కట్టి దూకిచ్చినారు. దూకమన్నోడు మునిచంద్ర. లేసిపోయిందని సెప్పినోడు మునిచంద్ర. బిడ్డను మామిడితోపులో పూడ్సినారు..."

ఆ తరవాత తెర మీది పెదవులు వరస చెప్పాయి, చెట్టు చెప్పాయి. పక్క కుర్చీలో మునిచంద్ర ముందుకు వంగాడు. మొహంలో కోపం లేదు. వినాలన్న ఆత్రం ఉంది. గొయ్యి తీసిన ఇద్దరూ ఎప్పుడో చనిపోయారు. పూడ్చిన చోటు అతను చూడలేదు. అది గుర్తొచ్చి కోమలి టక్కున నోరు మూసేసింది. తెర మీద పెదవులు ఇంకా కదులుతూనే ఉన్నాయి.

హాలు బద్దలైంది. ఈలలు, చప్పట్లు, కుర్చీల మీద ఎక్కి గంతులు. "కొత్త వాక్కు! కొత్త వాక్కురా!" అని అరుపులు. నిర్మాత పేరే పెట్టి తిట్టడం, అదీ నిర్మాతను పక్కన కూచోబెట్టుకుని! ఇంతకు మించిన తమాషా వాళ్ళ జన్మలో చూడలేదు. నాలుగొందల ఫోన్లలో రికార్డయింది. అందరూ విన్నారు, ఒక్కరూ నమ్మలేదు. మునిచంద్ర కూడా నవ్వాడు, చెయ్యెత్తి దండం పెట్టాడు. కండువాతో మూతి తుడుచుకుంటూ లేచి, ఆమె చెవి దగ్గర ఆగాడు.

"తిన్నింటి వాసాలు లెక్కబెడితివి మే," అన్నాడు. "ఈడనే ఉండు. కారు మళ్ళీ పంపిస్తా."

అతను తన మనుషులను వెంటబెట్టుకుని ఇంటర్వెల్ కాకముందే బయటికి వెళ్ళిపోయాడు. ఎందుకంత తొందరో, తోపులో ఎముకలు ముందే తవ్వి తీసేయడానికేనని, కోమలికి ఒక నిమిషం ఆలస్యంగా అర్థమైంది. స్టేజీ దిగి, సెల్ఫీల మధ్య నుంచి తోసుకుంటూ మూడో వరస దగ్గరికి వచ్చింది. ఏబెల్ ఏడుస్తున్నాడు. షారోను అతని చెయ్యి పట్టుకుని, కోమలి నోటి వంక చూస్తోంది.

"అబద్ధం సెప్పినానప్పా ఆ దినం," అంది కోమలి. "మీ అక్కను నేను సూపిస్తా. ఇప్పుడే పోవాల. మనకంటే ముందు ఆయప్ప పోతా ఉండాడు."

ఆటో బయల్దేరింది. లొకేషన్ చూపించడానికి మేడమ్ పోతున్నారని ఎవడో అన్నాడు. వెనక ముప్ఫై బైకులు కదిలాయి, అన్నిటికన్నా ముందు కిరణ్‌ది.

ఆటోలో గంట దారి. తోపు ఇంకా ఫర్లాంగు ఉందనగానే జేసీబీ చప్పుడు వినిపించింది. దగ్గరికి పోయి చూస్తే, తూర్పు గట్టు వెంబడి తొలి వరసలో ఆరు చెట్లు వేర్లతో సహా పడి ఉన్నాయి. అన్నీ తోతాపురి చెట్లు, కొమ్మకొమ్మకూ కాయ. ఇంకో రెండు వారాల్లో కోత. నేలంతా పచ్చికాయలు పరుచుకున్నాయి, జేసీబీ వాటి మీదుగానే ముందుకూ వెనక్కూ పోతోంది. తోపులో కలుపు తీయడానికి వచ్చిన ఆడకూలీలు పదహారు మంది గంపలు పట్టుకుని గట్టు మీద బిత్తరపోయి నిలబడ్డారు. మునిచంద్ర ప్లాస్టిక్ కుర్చీలో కూచుని ఉన్నాడు.

"ప్లాట్లేస్తా ఉండానమ్మా, దారిలో నిలబడొద్దండి," అన్నాడు, అందరికీ వినపడేట్టు.

"కాయ మిందుండే సెట్టును ఎవురన్నా పెరకతారా సామీ?" అంది కూలీల్లో పెద్దామె. "రెండు వారాలాగితే కోతే గదా!"

ఆ మాటకు బైకుల వాళ్ళు ఒక్కొక్కరే ఫోన్లు దించారు. వాళ్ళు సినిమా పిచ్చివాళ్ళే గాని, చిత్తూరు పిల్లలు. ప్రతి ఇంట్లోనూ ఒక తోపో, మండీలో ఒక వాటానో ఉన్నవాళ్ళు. తండ్రి చచ్చినా కోత ఆపని ఊరు వాళ్ళది. కాయతో ఉన్న చెట్టును కూల్చే మామిడి వ్యాపారిని వాళ్ళు పుట్టి బుద్ధెరిగాక చూడలేదు. గుమ్మడికాయల దొంగ ఎవరంటే భుజాలు తడుముకున్నట్టు, ఆ పెద్దమనిషి యాభై ఏళ్ళ వ్యాపారంలో చేయని పని ఒక్క గంటలో చేసేశాడు. థియేటర్లో ఎంత చెప్పినా ఎక్కనిది, నేల మీద ఆ పచ్చికాయలు చూడగానే ఎక్కింది. కిరణ్ ఫోనులో పొద్దుటి వీడియో మళ్ళీ పెట్టుకున్నాడు. ఈసారి నవ్వలేదు. గడ్డం మీది గీతను అరచేత్తో తుడుచుకున్నాడు, అది మొహమంతా అంటుకుంది.

కోమలి తొలి వరస దాటింది, రెండో వరస దాటింది. మూడో వరసలో ఒకటి నుంచి లెక్కపెట్టుకుంటూ నడిచి, ఏడో చెట్టు కింద ఆగింది. చెట్టు పెద్దదైపోయింది. దాని మొదట్లో కూచుని, అరచేతులు నేలకు ఆనించింది. ఏబెల్ వచ్చి పక్కన మోకరిల్లాడు.

మునిచంద్ర లేచి, తన కుర్చీ తానే మోసుకుంటూ వచ్చాడు. పది గజాల దూరంలో వేసుకుని కూచున్నాడు. వెతుకుతున్నది దొరికిన మనిషిలా ఆ చెట్టును కిందికీ మీదికీ చూశాడు. జేసీబీ డ్రైవరు ఇంజిను ఆపకుండా ఇటు తిప్పి నిలిపాడు.

"కూసోనీ," అన్నాడు మునిచంద్ర, తన మనుషులతో. "తొందరేం లేదు. జనం ఎంతసేపుంటారు? వాన తగిలినా, ఆకలేసినా, పొద్దు గూకినా ఎవురిండ్లకు వాళ్ళు పోతారు. సినిమాకే ఎవురూ నాలుగు దినాలు నిలబళ్ళా."

అది వట్టి బెదిరింపు కాదు. లోకం అంతే అని కోమలికీ తెలుసు. పోలీసులకు ఫోను చేశామని కిరణ్ అంటున్నాడు, పెద్దాయన తోపు అనగానే అవతల వాళ్ళు చూద్దాంలే అన్నారట. బైకుల్లో రెండు అప్పుడే స్టార్టయి వెళ్ళిపోయాయి. ఇంకొకడు టైము చూసుకుంటున్నాడు.

అప్పుడు కూలీల్లో ఆ పెద్దామె గట్టు దిగి వచ్చింది. గంప బోర్లించి, సరిగ్గా జేసీబీకీ చెట్టుకూ మధ్య వేసుకుని కూచుంది. మిగతా పదిహేను మందీ వచ్చి ఆమె పక్కన గంపలు దించారు.

"మాకు ఇంటికాడ పనేం లేదులే," అంది పెద్దామె. "నిమ్మళంగా సెప్పు మే. ఎవురి బిడ్డ?"

షారోను జరుగుతూ జరుగుతూ వచ్చి కోమలి ఎదురుగా, మొహం బాగా కనపడేట్టు కూచుంది. కోమలి ఆ పిల్లనే చూస్తూ మొదలుపెట్టింది.

"ఈత రాదని సెప్పింది. పక్కనే ఉండి నేను ఇన్నాను."